నేరమునకు ముందే చెఱ



క్రిందటి మాసమున మనము జామీనును గూర్చి ముచ్చటించుకొంటిమి. అది చదివిన పిమ్మట ఒక సోదరి యిట్లు వ్రాసినది: “మెడలోని పుస్తెలత్రాడు తెంపుకొనిపోవువాడు పట్టువడిన కొలది దినములకే జామీనుపై వచ్చి వీధిలో తిరుగుచున్నాడు. అట్టివానిని పోలీసువారు పీడీ యాక్టు క్రింద ఏడాదిపాటు మూసివేసిరని విని సంతోషించితిని. ఇంతలో న్యాయస్థానమువారు ఆ యుత్తరువు చెల్లదని వానిని విడిచిపెట్టిరట. ఇది యెక్కడి న్యాయము? దొంగకు దొరకిన రక్ష మాకేల దొరకదు?” ఈ ప్రశ్న మనలో ననేకుల మనస్సులలో నున్నదే. తెల్లవారుజామున ముగ్గుపెట్టుటకు వాకిటిలోనికి వచ్చి, అటునిటు చూచి, పైట కప్పుకొని వంగు గృహిణుల భయము నే నెఱుగనిది కాదు. కావున నీ నెల దీనినే విచారింతము.

మన దేశమున మనుష్యుని చెఱనుంచుటకు రెండు త్రోవలు గలవు. మొదటిది మనకు తెలిసినదే. నేరము జరుగును, పోలీసువారు పట్టుకొందురు, ఇరువదినాలుగు గంటలలోపల మేజిస్ట్రేటు నెదుట నిలుపుదురు, వకీలును పెట్టుకొనుటకు హక్కు గలదు, సాక్షులు వత్తురు, నేరము రుజువైన శిక్ష పడును, కానిచో విడుదల. రెండవదానికి నివారక నిర్బంధమని పేరు. దీనిలో చేసిన నేరమునకు శిక్ష లేదు. ఇతడు మున్ముందు కీడు చేయగలడను అనుమానముచేత ముందుగానే మూసివేయుట యిందలి తాత్పర్యము. నేరారోపణము లేదు, సాక్షులు లేరు, విచారణ లేదు, తీర్పు లేదు. ఒక యధికారి సంతకమే చాలును. ఇది శిక్ష కాదు, జాగ్రత్త మాత్రమే యని ధర్మశాస్త్రజ్ఞు లందురు. కాని లోపల కూర్చున్నవానికిని, ఇంటియొద్ద పిల్లలకు కూడు వండవలసిన యిల్లాలికిని ఆ భేద మేమి తెలియును?

భాగవతము చదివిన మనకు ఈ విధమైన చెఱ క్రొత్తది కాదు. దేవకీవసుదేవు లేమి నేరము చేసిరి? వారికి పుట్టబోవు బిడ్డ తన్ను చంపునన్న భయముచేత కంసుడు వారిని సంకెళ్లతో బంధించెను. ఇచ్చట నొక చిత్రము గలదు. ఆకాశవాణి అబద్ధ మాడలేదు, చెప్పినట్లే జరిగినది. అయినను కంసుడు చేసినది ధర్మమని యెవ్వరును అనలేదు. జరుగబోవుదానిని ఎఱిగియు చెఱబెట్టుట అధర్మమైనచో, ఊహించి చెఱబెట్టుట మాట చెప్పవలెనా? పోలీసుఠాణాలో వ్రాసిన నివేదిక ఆకాశవాణి కాదు గదా!

“వీడు అలవాటుగా నేరములు చేయువాడు” అను మాటకు మన దేశమున దుఃఖకరమైన చరిత్ర గలదు. 1871లో ఆంగ్లప్రభుత్వమువారు కొన్ని జాతులను పుట్టుకతోనే నేరస్థులని నిర్ణయించి శాసనము చేసిరి. 1911లో దానిని మద్రాసు రాజధానికిని వ్యాపింపజేసిరి. మన బాపట్ల సమీపమున నున్న స్టూవర్టుపురము అట్లు పుట్టినదే. 1913 ప్రాంతమున ఎరుకలవారిని అచ్చటికి చేర్చి, సాల్వేషన్ ఆర్మీవారి పర్యవేక్షణలో నుంచిరి. హాజరుపట్టీలో పేరు పిలిచినప్పుడు పలుకవలెను. అనుమతి లేక పొలిమేర దాటరాదు. ఉయ్యెలలోని శిశువు నేమి దొంగిలించెనో అడిగినవారు లేరు. మద్రాసు రాజధానిలో 1947లోను, దేశమంతట 1952లోను ఈ శాసనము రద్దయినది. శాసనము పోయినను, అలవాటు నేరస్థుడను పేరు మాత్రము కారాగార నిబంధనలలో నిలిచియుండెను. ఆ పేరును విముక్తజాతులవారికి తగిలించుట తప్పని సర్వోన్నతన్యాయస్థానము 2024 అక్టోబరు 3వ తేదీన చెప్పవలసి వచ్చెను. ఒకనికి పెట్టిన పేరు తరములవఱకు వెంబడించునని దీనివలన మనము గ్రహింపవలెను.

స్వరాజ్యము వచ్చిన తరువాత రాజ్యాంగమును వ్రాసినవారిలో పలువురు, విచారణ లేని చెఱ నెఱిగినవారు. అయినను వారు ఈ రెండవ త్రోవను బొత్తిగా మూసివేయలేదు. 1950 జనవరి 26వ తేదీన అమలునకు వచ్చిన రాజ్యాంగమున 22వ అధికరణము నివారక నిర్బంధమునకు చోటిచ్చి, దాని చుట్టును కంచె నాటినది. పట్టుకొన్న కారణములను సాధ్యమైనంత త్వరలో నిర్బంధితునికి తెలుపవలెను. తన మాట చెప్పుకొనుటకు, అనగా విజ్ఞాపన వ్రాసికొనుటకు, తొలి యవకాశము నీయవలెను. మూడు నెలలకు మించి యుంచవలెనన్నచో సలహామండలి సమ్మతి కావలెను. 1978లో రాజ్యాంగమును సవరించి ఈ మూడు నెలలను రెండుగా తగ్గించిరి గాని, ఆ సవరణభాగ మింతవఱకు అమలునకు తేబడలేదు.

కంచె దృఢముగా నున్నదా యను పరీక్ష ఆ యేడే జరిగెను. ఏ.కే. గోపాలను అను కమ్యూనిస్టునాయకుడు మద్రాసు ప్రభుత్వముపై తెచ్చిన వ్యాజ్యములో సర్వోన్నతన్యాయస్థానము 1950 మే నెలలో తీర్పు చెప్పెను. నిర్బంధశాసనమును చాలవఱకు నిలిపిరి. కాని, నిర్బంధ కారణములను న్యాయస్థానమునకు సైతము వెల్లడింపరాదని నిషేధించిన యొక్క సెక్షనును మాత్రము కొట్టివేసిరి. కారణము చెప్పకుండ మనుష్యుని మూసివేయుట కుదరదనుట అప్పుడే తేలినది.

ఇక మన రెండు రాష్ట్రముల మాట. మనవారు పీడీ యాక్టని పిలుచు శాసనము 1986లో ఆంధ్రప్రదేశమున పుట్టినది. సారా కాచి యమ్మువారు, బందిపోట్లు, మత్తుమందుల వర్తకులు, గూండాలు, స్త్రీలతో అక్రమవ్యాపారము చేయువారు, భూములను కబ్జా చేయువారు దాని కిందికి వత్తురు. 2014లో తెలంగాణము వేరైన పిమ్మట అచ్చటివారును దానినే కైకొని, 2018లో కల్తీవిత్తనములు, కల్తీయాహారము, సైబరు నేరములు మొదలగువానినిగూడ చేర్చిరి.

ఈ శాసనములోని గడువులను ప్రతి గృహిణియు నెఱిగియుండుట మంచిది. ఉత్తరువు నిచ్చువాడు జిల్లా కలెక్టరు గాని పోలీసు కమిషనరు గాని. ఆ యుత్తరువును ప్రభుత్వము 12 దినములలోపల ఆమోదింపనిచో అది తనంతట చచ్చును. పట్టుకొన్న 5 దినములలోపల కారణములను నిర్బంధితుని చేతి కీయవలెను. 3 వారములలోపల కాగితములు సలహామండలి ముందుండవలెను. 7 వారములలోపల మండలి తన యభిప్రాయము చెప్పవలెను. మండలిలో ఉన్నతన్యాయస్థానపు న్యాయమూర్తులుగా నున్నవారు, ఉండినవారు, లేక అట్లుండుటకు అర్హులు మువ్వురుందురు. తగిన కారణము లేదని వారన్నచో వెంటనే విడువవలసినదే. కలదన్నచో గరిష్ఠముగా 12 నెలలు. ఆ మండలి యెదుట వకీలును పెట్టుకొను హక్కు లేదు. ఒంటరిగా నిలిచి తన మాట తానే చెప్పుకొనవలెను.

గూండా యనగా నెవడు? ఒంటరిగానో, జట్టుగానో, కొన్ని తరగతుల నేరములను అలవాటుగా చేయువాడని శాసనము చెప్పుచున్నది. ఇందు కీలకమైన పదము అలవాటు. బీహారమునుండి వచ్చిన యొక వ్యాజ్యములో 1984లో సర్వోన్నతన్యాయస్థానము దీనిని వివరించినది. ఒకేమాదిరి చేష్టలు మరల మరల జరుగవలెను. పూసలలో దారమువలె వానిని కలుపు వరుస యుండవలెను. ఒకటి రెండు విడివిడి సంఘటనలు, ఒకదానికొకటి పొత్తు లేనివి, అలవాటనిపించుకొనవు. మన యింటి మాటలో చెప్పవలెనన్న, పండుగనాడు ఆలస్యముగా లేచిన కోడలిని పొద్దెక్కి లేచునది యనుట న్యాయము కాదు గదా!

అలవాటు నిజమేయైనను అది యొక్కటియే చాలదు. వాని చేష్ట వలన ప్రజాజీవనపు శాంతికే భంగము కలుగవలెను. శాంతిభద్రతలు వేఱు, ప్రజాశాంతి వేఱు. 1965లో రామమనోహర లోహియాగారి వ్యాజ్యమున న్యాయమూర్తి హిదయతుల్లాగారు దీనిని మూడు వలయములుగా చూపిరి. అన్నిటికంటె పెద్ద వలయము శాంతిభద్రతలది. దాని లోపలిది ప్రజాశాంతి. అందులోని చిన్నది రాజ్యభద్రత. ప్రతి నేరమును పెద్ద వలయమును తాకును గాని, లోపలి వలయమును తాకదు. లోహియాగారి నిర్బంధపు టుత్తరువులో ప్రజాశాంతి యనవలసినచోట శాంతిభద్రత లని వ్రాసిరి. ఆయనను విడువవలసి వచ్చెను. అక్షరము తప్పినందుల కింతయా యందురేమో! మనుష్యుని స్వేచ్ఛను హరించు పత్రములో అక్షరమే కంచె.

1969లో అదే న్యాయమూర్తి మఱియొక వ్యాజ్యమున చెప్పిన దృష్టాంతము మనకు మిక్కిలి దగ్గఱది. ఒకడు హోటలులో దిగి, అచ్చటి పనికత్తెలతో అసభ్యముగా ప్రవర్తించును. అది నేరమే. దాని బాధ ఆ స్త్రీలకును, ఆ హోటలువారికిని పరిమితము. మఱియొకడు నిర్జనప్రదేశములలో స్త్రీలపై బడును. వానివలన బడులకు, కళాశాలలకు పోవు బాలికలు భయపడుదురు. పనిపై వెడలు స్త్రీలు జంకుదురు. రెండు చేష్టల స్వభావ మొకటియే, ఫలము వేఱు. రెండవది ఊరి నెమ్మదినే చెఱచుచున్నది. స్త్రీల భయమును గూడ ప్రజాశాంతికి సంబంధించిన విషయముగా న్యాయస్థానము లెక్కలోనికి తీసికొన్నదని ప్రశ్న వ్రాసిన సోదరి గమనింపవలెను. పనికత్తెలకు జరిగినది చిన్నదని మాత్ర మెవ్వరును భావింపరాదు. దానికి మామూలు శిక్షాస్మృతియే మందు.

ఇన్ని హద్దు లున్నను అధికారులు వానిని దాటుట మానలేదు. తెలంగాణకు చెందిన యొక గృహిణి తన భర్తకొఱకు సర్వోన్నతన్యాయస్థానము నాశ్రయించిన వ్యాజ్యమున 2021 ఆగస్టులో తీర్పు వచ్చెను. ఆతనిపై మోసపు కేసులు ఐదు. అన్నిటిలోను జామీను లభించినది. జామీనిచ్చుట తప్పని తోచినచో దానిని రద్దుచేయుమని కోరవలెను గాని, ప్రజాశాంతి పేరు చెప్పి చెఱబెట్టరాదని న్యాయమూర్తులు నిర్బంధమును రద్దుచేసిరి. 2022 ఏప్రిలులో నింకొకటి. ఉద్యోగము లిప్పింతునని మోసగించెనని రెండు కేసులు. మొదటి కేసునకు ఏడు నెలల తరువాత నిర్బంధము! అంత భయంకరుడైనచో అన్నినాళ్లూరకుండుట యేల? ఆ యుత్తరువును కొట్టివేయుచు, ఒక్క యేడాదిలోనే తెలంగాణ ఉన్నతన్యాయస్థానము ఇట్టివి కనీసము పదింటిని రద్దుచేసినదని తీర్పులో వ్రాసిరి. 2023 సెప్టెంబరు 4వ తేదీన మఱియొక యిల్లాలి వ్యాజ్యములోను భర్తకు విడుదల కలిగినది. హైదరాబాదు ఉన్నతన్యాయస్థానమున ఆమె మొఱ తోసివేయబడినను ఆమె ఆగలేదు.

ఇక 2024 మార్చి 21వ తేదీ తీర్పు. ఇది మన సోదరి ప్రశ్నకు సరిగా సంబంధించినది. స్త్రీల మెడలలోని గొలుసులు లాగుకొనిపోయెననియే అందలి యభియోగము. అనేక కేసులు పెట్టబడినంతమాత్రమున ప్రజాశాంతికి భంగమని చెప్పజాలమనియు, మామూలు శాంతిభద్రతలను కాపాడజాలని పోలీసువారి యశక్తి నివారక నిర్బంధమునకు సాకు కారాదనియు న్యాయస్థానము చెప్పెను. సలహామండలివారు ముద్రవేయుటతో సరిపెట్టక, ఉత్తరువు న్యాయమైనదో కాదో తామే తరచి చూడవలెనని శాసించెను.

న్యాయస్థానములు ప్రతివానిని విడిచిపెట్టుచున్నవని దీనినిబట్టి యనుకొనరాదు. 2023 ఆగస్టులో కాకినాడనుండి వచ్చిన వ్యాజ్యమున, మరల మరల సారా యమ్మినవాని నిర్బంధమును సర్వోన్నతన్యాయస్థానము నిలిపినది. ఆ సారా త్రాగుటకు పనికిరానిదనియు, ఆరోగ్యమునకు హానికరమనియు రసాయనపరీక్షలో తేలినది. ఒకేసారి ఏడాదికి నిర్బంధింపరాదని 2014లో చెప్పిన తన పాత తీర్పును గూడ ఆ సందర్భమున సరికాదని పక్కన బెట్టెను. సారా త్రాగి కన్నులు పోగొట్టుకొన్న భర్తలను, దిక్కులేని సంసారములను చూచిన మన మా తీర్పును తప్పనలేము. తలుపు మూయబడలేదు, తాళపుచెవిని లెక్కగా వాడుమనుచున్నారు.

ఇప్పుడు మొదటి ప్రశ్నకు వత్తము. గొలుసుదొంగ నిర్బంధమునుండి విడుదలైనంత మాత్రమున వానిపై దొంగతనపు కేసు పోదు. అది జరుగుచునే యుండును. జామీను షరతులు మీఱినచో దానిని రద్దుచేయించవచ్చును. సాక్షులను బెదిరించినచో అదియు నొక కారణమే. రుజువైనచో పడు శిక్ష నిర్బంధముకంటె గట్టిది; ఏడాదితో ముగియనక్కఱలేదు. నివారక నిర్బంధముతో ఏడాది గడపినవాడు దోషియని తేలడు, నిర్దోషియనియు తేలడు. లోపల ఆరితేరినవారి సహవాసముచేసి తిరిగివచ్చును. పోగొట్టుకొన్న గొలుసు మాత్రము పోయినట్లే. కావున కేసును శ్రద్ధగా నడుపక పీడీ యాక్టుతో మూసివేయుట, కారుచున్న యింటికప్పును నేయింపక క్రింద గిన్నె పెట్టుటవంటిది. మనము పోలీసువారిని అడుగవలసినది నిర్బంధము కాదు. త్వరగా పరిశోధన, త్వరగా విచారణ. దానికి మన వంతు పనియు గలదు. ఎందుకు వచ్చిన గొడవ యని మన మూరకుండక ఫిర్యాదు వ్రాసి యీయవలెను, వానిని గుర్తుపట్టవలెను, న్యాయస్థానమున సాక్ష్యము చెప్పవలెను.

ఈ నిర్బంధము ఎప్పుడును పరులయింటికే వచ్చునని ధైర్యముగా నుండరాదు. తప్పుడు పేరు పడినవాడు మన తమ్ముడే కావచ్చును, పొరుగింటి యామె కొడుకు కావచ్చును. అట్టియెడల ఏడ్చుచు కూర్చుండక ఈ పనులు చేయవలెను. ఉత్తరువును, కారణముల పత్రమును, అవి చేతికిచ్చిన తేదీని భద్రపఱచుకొనవలెను. అవి నిర్బంధితునికి వచ్చిన భాషలో నుండవలెను. తెలుగు మాత్రమే వచ్చినవానికి ఇంగ్లీషు కాగితములిచ్చి నోటితో చెప్పితిమనుట చాలదు. నకళ్లు చదువరానివిగా నున్నచో ఆ మాట వ్రాతమూలకముగా తెలుపవలెను. ప్రభుత్వమునకును, సలహామండలికిని విజ్ఞాపన వెంటనే పంపవలెను. దానిని కారణము లేక నాన్చినను నిర్బంధము చెడును. తరువాత అమరావతిలోగాని, హైదరాబాదులోగాని ఉన్నతన్యాయస్థానమున హెబియస్ కార్పస్ వ్యాజ్యము వేయవచ్చును. దానిని భార్య, తల్లి, తోబుట్టువు ఎవరైనను వేయవచ్చును. వకీలుకు డబ్బు లేదని వెనుదీయవలదు. 1987 నాటి న్యాయసేవల శాసనము ప్రకారము ప్రతి స్త్రీకిని, ఆదాయముతో నిమిత్తము లేకయే, ఉచితముగా న్యాయసహాయము లభించును. జిల్లా న్యాయసేవాధికారసంస్థ ప్రతి జిల్లా కోర్టు ఆవరణమునందును గలదు.

భారతమున మాండవ్యుని కథ మనకందఱకు తెలిసినదే. దొంగలు ఆశ్రమమున దాగిరి. ముని మౌనవ్రతమున నుండెను. రాజు విచారింపక ఆతనిని కొఱత వేయించెను. ఆ ముని తరువాత యమధర్మరాజునే నిలదీసి, పదునాలుగేండ్లలోపు పిల్లలు చేసినది పాపముగా లెక్కింపరాదని మేరను నియమించెను. దండించు అధికారము యమునిదే యైనను దానికొక మేర యుండవలెనని మన పూర్వులు తలచిరి. కలెక్టరుగారికిని, కమిషనరుగారికిని ఆ మేర యుండుట తగదా? దొంగను శిక్షింపుమని గట్టిగా నడుగుదము. విచారించి శిక్షింపుమని అంతకంటె గట్టిగా నడుగుదము.

వచ్చే మాసమున, ఠాణాలో ఫిర్యాదు వ్రాసి యిచ్చు పద్ధతిని, దాని నకలును ఉచితముగా పొందు హక్కును గూర్చి వ్రాయుదును.